బోర్లించిన నెల

నేను లేవను. ఎండ బంగ్లా గోడ దిగి నా కాలివేళ్ళ దాకా వచ్చింది, ఇంకాసేపటికి మోకాళ్ళ మీదికి వస్తుంది, రానీ, ఎండ నాకేమన్నా కొత్త చుట్టమా. పదకొండు కుండలూ కడిగి, తుడిచి, అరుగు కింద వరుసగా బోర్లించి, వాటి పక్కన కూర్చున్నాను. మామూలు రోజయితే ఈపాటికి పదిహేను కుండలు మోసి ఉండేదాన్ని. కిటికీలకు కట్టిన వట్టివేళ్ళ తడికలు తడిసి బొట్లు బొట్లుగా కారుతుండేవి, వాకిట్లో దుమ్ము అణిగి ఉండేది, గుర్రాల తొట్టి అంచుదాకా నిండి ఉండేది. ఇవాళ తడికలు ఎండిపోయి గాలికి గరగరమంటున్నాయి. శిస్తుల లెక్క తేల్చే జమాబందీకి తహసీల్దారు వస్తున్నాడు, కొత్తకోటలో బండి ఎక్కాడని పొద్దునే కబురు వచ్చింది, పొద్దు నెత్తి మీదికి వచ్చేలోపు ఇక్కడ ఉంటాడు. పటేలు ఒకసారి వచ్చి, కుండలను చూసి, నన్ను చూసి, మళ్ళీ కుండలను చూసి, "ఏందే గిది?" అన్నాడు. "కుండలు పటేలా," అన్నాను. అబద్ధం కాదు కదా. చేతికర్రతో నేలను పొడిచి, మళ్ళ వస్త నీ సంగతి జూస్త అని పోయాడు. వస్తాడు. నా కడుపులో ఐదో నెల బిడ్డ ఒకసారి కదిలింది, దానికి కూడా పటేలు గొంతు పడదు కాబోలు.

మా వాడలో పన్నెండిళ్ళు. సర్కారు ఈ ముసాఫిర్ బంగ్లా కట్టినప్పుడు, దౌరా మీద వచ్చే అధికారులకు నీళ్ళెవరు మోయాలి అన్న మాట వస్తే, మా తాతలకు తాత ఎవడో లేచి, పన్నెండిళ్ళున్నం, పన్నెండు నెలలున్నయి, ఇంటికో నెల, అన్నాడట. ఎంత తెలివైనవాడో! జీతం లేదు, బత్తెం లేదు, వెట్టి వెట్టే, కాని పంచుకోవడం మాత్రం చక్కగా పంచుకున్నారు. తాగే నీళ్ళు కాదు, మేం ముట్టుకున్న నీళ్ళు వాళ్ళు తాగరు, అవి ఊళ్ళో బావి నుంచి వేరేవాళ్ళు తెస్తారు. మావి తడికలకు, గుర్రాలకు, దుమ్ముకు. మేం ముట్టుకున్న నీళ్ళ మీది నుంచి వచ్చే చల్లగాలికి మాత్రం ఏ అంటూ లేదు. ఆ పంపకం నాటి నుంచి మా ఇంటిపేర్లు పోయి నెలల పేర్లు మిగిలాయి. చైత్రమోళ్ళు, శ్రావణమోళ్ళు, పుష్యమోళ్ళు. పిల్లనడగడానికి పోతే పక్క ఊరివాళ్ళు కూడా ముందు మీదే నెల అంటారు. శ్రావణమోళ్ళ పిల్లగాడు ఎంత సోమరిపోతయినా పిల్ల దొరుకుతుంది, వానాకాలం బంగ్లాకు ఎవరూ రారు, తడికలను వానే తడుపుతుంది. మాది జ్యేష్ఠం. వాగు ఎండిపోయి ఉంటుంది. ఇసుకలో చెలిమె తవ్వి, ఊరిన నీళ్ళను సొరకాయ బుర్రతో కొంచెం కొంచెం ఎత్తి పోస్తే, కుండ నిండేలోపు ఒక చిన్న కునుకు తీయొచ్చు. అట్లాంటివి రోజుకు ముప్పై. కొడుకులు లేని మా బాపు నాకు ఇల్లరికపు మొగుణ్ణి వెతకడానికి షాద్‌నగర్ దాకా పోయాడు, అంత దూరం వాళ్ళకు మా నెల సంగతి తెలియదు గదా అని. ఐలేశం తెలియకనే వచ్చాడు. తెలిసిన తర్వాత కూడా ఉన్నాడు, అందుకే వాడంటే నాకు ప్రేమ, చెప్పుకోవడానికి సిగ్గేముంది. రైలు పట్టాల పనికి పోయాడు, మిరుగానికి, తొలి వానలకు, వస్తానన్నాడు. మిరుగం వచ్చి వారమైంది, వానా రాలేదు, వాడూ రాలేదు.

ఆ పెద్దాయన తెలివి ఒక్కచోట తప్పింది. ఆయన ఆ మాట అన్న ఏడు మామూలు ఏడు. మూడేళ్ళకోసారి పంచాంగంలో ఒక నెల ఎక్కువ వస్తుందని, అప్పుడు పన్నెండిళ్ళకు పదమూడు నెలలవుతాయని ఆయనకు తట్టలేదు. ఎవరి నెల రెండుసార్లు వస్తే వాళ్ళే రెండూ మోయాలని తర్వాత పటేళ్ళు తేల్చేశారు. కిందటిసారి అది మా ఇంటి మీద వాలినప్పుడు నాకు పదకొండేళ్ళు, ఇప్పుడు నా కూతురు మైసికి ఉన్నన్ని. అమ్మ వెనక చిన్న ముంత పట్టుకుని నేనూ వాగుకు పోయేదాన్ని. ఇసుకలో కాళ్ళు కాలుతుంటే గంతులు వేసేదాన్ని. అప్పుడే అమ్మ దొంతిదేశం సంగతి మొదలుపెట్టింది, నా కాళ్ళ మీది నుంచి నా మనసు మళ్ళించడానికే అనుకుంటాను, మొదట అంతకుమించి ఏమీ లేదు.

దొంతిదేశం ఎక్కడుందమ్మా అంటే గుట్ట అవతల అనేది, ఏ గుట్ట అంటే కనబడే గుట్ట కాదు పో అనేది. అక్కడ ఏడాదంటే కుండల దొంతి. అడుగున పెద్ద కాగు, దాని మీద కుండ, దాని మీద ముంత, అన్నిటికీ పైన పిడత. నెలలు ఒక్కతీరుగా ఉండవు. వాన నెల కాగంత, ఎంత కురిస్తే అంత పొడుగు, నలభై రోజులైనా యాభై రోజులైనా అది అయిపోయేదాకా ఇంకో నెల రావడానికి వీల్లేదు. ఎండ నెల పిడతంత. తొమ్మిది రోజులు, పదో రోజు పొద్దున ఎవరో ఒకరు డప్పు కొట్టి ఎండలు అయిపోయినయి అంటారు, అయిపోతాయి. ఎండ వింటదా అమ్మా? అక్కడ ఎండ మనిషి మాట వింటది బిడ్డా, ఈడనే దానికి చెవులు లేవు. వారానికి ఐదు రోజులు, ఎత్తే రోజు, మోసే రోజు, దించే రోజు, తాగే రోజు, పండుకునే రోజు. మొదటి మూడూ గడిపినవాళ్ళకే చివరి రెండూ వస్తాయి కనుక పాపం అక్కడి పటేళ్ళకు వారమే లేదు. ఆకాశంలో రెండు చందమామలు. పెద్దది అందరికీ, చిన్నది నెత్తిన బరువున్నవాళ్ళకు మాత్రమే. నెత్తిన కుండ ఉంటే తల ఎత్తి ఎట్ల చూస్తరమ్మా అని నేను పట్టుకున్నాను, గెలిచాననుకున్నాను. అమ్మ ఆగి, కుండ సర్దుకుని, గందుకే అది కిందికి దిగొచ్చి కుండల కూసుంటది, అన్నది. కొత్త ఏడు ఎప్పుడో ముందుగా ఎవరూ చెప్పలేరు, వాగులో మొదటి నీళ్ళు చూసిన మనిషి ఉరికి వచ్చి చెప్పాలి, ఆ మనిషి పేరే ఆ ఏటికి. గాలయ్య ఏడు. సుక్కమ్మ ఏడు. నా పేరు ఒక ఏటికి పెట్టుకుని ఆ రోజంతా నేను గాలిలో నడిచాను. మరి ఇట్లా పేర్చుకుంటూ పోతే మూడేళ్ళకోసారి ఒక కుండ మిగిలిపోతుంది కదా, దాన్నేం చేస్తరమ్మా? బోర్లిస్తరు, అన్నది అమ్మ. దొంతి పక్కన బోర్లించి పెడతారు, అంతే. ఆ నెల ఏ ఇంటిదీ కాదు, ఆ నెలలో ఎవరూ ఎవరికీ ఏదీ మోయరు.

చెబుతున్నంతసేపూ మోస్తూనే ఉండేది. రెండు జ్యేష్ఠాలూ అమ్మే మోసింది. అప్పుడు అమ్మకూ కడుపే, నాకన్నా ఎక్కువ, ఎనిమిదో నెల. రెండో నెల పన్నెండో రోజున చెలిమె దగ్గర కూర్చున్నది లేవలేకపోయింది. తమ్ముడు పుట్టాడు, ఏడవలేదు. మూడో రోజుకు పటేలు మనిషి వచ్చి మా ఇంటి ముందు నిలబడ్డాడు, ఐదో రోజున అమ్మ నడుముకు గుడ్డ బిగించుకుని మళ్ళీ వాగుకు పోయింది. ఎవరి మీద కోపం రావాలో అప్పుడు తెలియక నాకు అమ్మ మీదనే కోపం వచ్చింది. ఎందుకు పోయినవమ్మా అని ఇప్పటికీ అడుగుతాను, ఆమె పోయి ఆరేళ్ళయినా, కుండ ఎత్తుకున్నప్పుడల్లా అడుగుతాను. ఆ తర్వాత ఒకసారి దొంతిదేశం చెప్పమంటే కుండకు మట్టి రాసి తోముతూనే ఉంది. నీ తమ్ముడు బోర్లించిన నెలల పుట్టిండు, అన్నది చివరికి, ఆ నెలల పుట్టినోళ్ళకు వయసు పెరగదు. మళ్ళీ ఎప్పుడూ ఆ ఊసు ఎత్తలేదు. నేనే మైసికి చెప్పుకుంటూ వచ్చాను, మరిచిపోయిన చోట నా సొంతం కలిపాను, మైసి ఇంకా కలిపింది, చింతకాయ నెల ఒకటి కావాలని ఏడిస్తే అదీ పెట్టాం.

ఈ ఏడు మళ్ళీ మా నెలే రెండుసార్లు వచ్చింది. వైశాఖం అమావాస్య మర్నాడు మొదలుపెట్టి, నిన్న అమావాస్య దాకా నెల తప్పకుండా మోశాను. నిన్న పొద్దుగూకే వేళ ఆఖరి కుండ తొట్టిలో గుమ్మరించి, ఇంటికి పోయి, గోడకు వీపు ఆనించి, మెడ అటూ ఇటూ తిప్పుతూ కూర్చున్నాను. నిజం చెప్పాలంటే రెండోదీ మోయడానికే సిద్ధపడి ఉన్నాను. అందరూ మోశారు, మా అమ్మ మోసింది, నాదేం వేరే ఒళ్ళా అనుకున్నాను. అప్పుడు చావడి దగ్గరికి పిలిపించి పటేలు ఒక మాట అన్నాడు. ఆ మాట అనకుండా ఉంటే ఇవాళ నేను కుండల కింద ఉండేదాన్ని, కుండల పక్కన కాదు. "పంతులుగారి పంచాంగంల చూసినం," అన్నాడు, "పోయిన నెల అధికం. అండ్ల పెండ్లి లేదు పేరంటం లేదు, అది లెక్కల రాదు. రేపటి సంది నిజం జేష్టం. నీ వంతు రేపు మొదలు." రెండు మోయమనడం కాదు. మోసిన ఒక్కటి కూడా లేదనడం. రోజుకు ముప్పై చొప్పున ముప్పై రోజులు, ఆ నీళ్ళకు తడికలు నిజంగానే తడిశాయి, గుర్రాలు నిజంగానే తాగాయి, నా మెడ నరం నిజంగానే పట్టేసింది, కాని నెల మాత్రం నిజం కాదట. నాకు నవ్వొచ్చింది. పటేలు ముందు నవ్వడం అదే మొదలు. "నేను ఐదు నెలల మనిషిని పటేలా," అన్నాను. "ఐతే మీ పిల్లను తోలు," అన్నాడు. నవ్వు పోయింది.

మైసిని ఈ బంగ్లాకు తోలను. ఎండ ఒకటే కాదు, ఇక్కడికి ఎవరెవరు వచ్చి దిగుతారో, వాళ్ళ వెంట ఎట్లాంటి మనుషులు వస్తారో, సాయంత్రాలు ఏం తాగి ఎట్లా మాట్లాడతారో నాకు తెలుసు. తడిసిన చీరతో ఈ వాకిట్లో నడిచినప్పుడల్లా వీపు మీద ఆ చూపులు ఉంటాయి. నాకు అలవాటైంది, నా బిడ్డకు అలవాటు కానివ్వను.

పొద్దున చీకటితోనే వచ్చేసరికి చౌకీదారు మెహమూద్ చిచ్చా గుమ్మం దగ్గర పళ్ళు తోముకుంటున్నాడు. అంతా చెప్పాను. లోపలికి పోయి గోడకున్న సర్కారు నెలల కాగితం మీద వేలు పెట్టి చదివి వచ్చాడు. "నిన్న అమర్దాద్ బేటీ, ఇయ్యాల గూడ అమర్దాదే. జేష్టం ఒక్కటో రెండో, మా సర్కారు నెలలల్ల ఆ పేరే లేదు." ఆయన జీతం ఆ నెలల్లో, ఆయన ఉపవాసాలు వేరే నెలల్లో. రంజాన్ ఏడాదికి పది పన్నెండు రోజులు వెనక్కి నడుస్తూ ఒకప్పుడు చలికాలంలో దొరుకుతుంది, ఒకప్పుడు నిండు ఎండల్లో. "ఎవ్వలకు ఒక్క ఎండకాలమే రాసిపెట్టి ఉండదు, తిరుగుతనే ఉంటది," అని పుక్కిలించి ఊసి తన పనికి పోయాడు. ఆయన మామూలుగా అన్నాడు కాని నేను కుండలు కడుగుతూ కడుగుతూ ఆగిపోయాను. నెలలు దేవుడు చేసి పంపాడని అనుకునేదాన్ని ఇన్నాళ్ళూ, పొద్దు లాగా, ఆకలి లాగా. ఒకే ఎండకు సర్కారు ఒక పేరు పెట్టింది, పంతులు ఒక పేరు పెట్టాడు, మసీదులో ఇంకో పేరు ఉంది. అంటే మనుషులే ఎక్కడో నీడలో కూర్చుని చేసుకున్నారన్నమాట, ఎవరికి కావలసినట్టు వాళ్ళు. అట్లా అయితే మా అమ్మ కాలే ఇసుకలో నడుస్తూ చేసినది మాత్రం ఎందుకు చెల్లదు? పంతులు లెక్కలో మొదటిది ఉత్తది, రెండోది అసలుది. మా లెక్కలో మోసింది నిండిన కుండ, మిగిలింది బోర్లించే కుండ. ఇంతే తేడా. మొదటి కుండను బోర్లించి, మళ్ళీ నిలబెట్టి, మళ్ళీ బోర్లించాను, అబద్ధం చెప్పను. ఆరో కుండకు వెనక్కి తిరిగి చూడలేదు.

వాడలో వాళ్ళు రాలేదు. నిన్న చావడి నుంచి వచ్చి చెబితే ఆషాఢమోళ్ళ బిక్షమ్మ నా పక్కన కూర్చుని వీపు నిమిరింది. "నువ్వు మొయ్యకుంటే మా మీదికి తోస్తరే సుక్కీ," అన్నది. పాపం, ఉన్న మాటే అన్నది. మీ మీదికీ వద్దు, ఎవరి మీదికీ వద్దు, అది ఎవ్వలది గాదు అన్నాను. ఎవ్వలది గాని నెల యాడన్న ఉంటదా అని పెద్దవాళ్ళు నవ్వుకుంటూ లేచిపోయారు. కోపం లేదు నాకు. వాళ్ళింకా కుండలో చందమామను చూడలేదు, అంతే.

ఎండ మోకాళ్ళ మీదికి వచ్చింది. మస్కూరి సాయిలు బంగ్లా మలుపు దగ్గర నిలబడి ఇటు రావాలా వద్దా అని చూస్తున్నాడు. పటేలు కబుర్లు మోసే మనిషి, చెడ్డవాడు కాదు, చెడ్డ కబుర్లే ఎక్కువ మోస్తాడు. వచ్చాడు, దూరంగానే నిలబడి, నా మొహం చూడకుండా చెప్పాడు. "అక్కా, పటేలు మీ మైసిని బయటికి గుంజుకొచ్చిండు. మీ ఇంటి కుండనే నెత్తిన వెట్టి వాగుకు తోలిండు. పిల్లతోని గాదని నేను జెప్పిన. ఇనలే." నా కాళ్ళు వాటంతట అవే లేవబోయాయి. చేతులతో నేలను నొక్కి పట్టుకున్నాను. ఇప్పుడు లేచి వాగుకు ఉరికితే పిల్ల నెత్తి మీది కుండ నా నెత్తి మీదికి వస్తుంది, ఒక్కసారి వచ్చిందంటే ఈ నెలంతా దిగదు, పటేలుకు కావలసింది అదే. లేవకపోతే చెలిమె దగ్గర అది ఒక్కతే. సాయిలూ, నువ్వు పోయి దాని ఎనుక నడువు, పడకుంట జూడు, అన్నాను. పోయాడు. మైసి ఎట్లాగూ ఈ వాకిట్లోకే రావాలి. రానీ. ఇంత పొడుగు కాలం నేనెప్పుడూ కూర్చోలేదు. దొంతిదేశంలో కూడా ఇట్లాంటి గంటకు పేరు లేదు. అమ్మా, నువ్వు ఐదో రోజున పోయింది నా కోసమే కదా, నువ్వు పోకపోతే పటేలు నన్ను తోలేవాడు కదా, ఇన్నేళ్ళూ నాకు ఈ ముక్క తట్టలేదు చూడు, ఉత్తపుణ్యానికి నిన్ను అడిగి అడిగి చంపాను.

దూరంగా ఎడ్ల మెడ గంటలు. తహసీల్దారు బండి. అదే సమయానికి వాగు దిక్కు నుంచి మైసి, మెడ కుదించుకుపోయి, రెండు చేతులతో కుండ పట్టుకుని, అడుగు ఇటొకటి అటొకటి వేస్తూ వస్తోంది. వెనక సాయిలు, ఆ వెనక కర్రతో పటేలు. అప్పుడు లేచాను. లేవనన్నది నీళ్ళకు, బిడ్డకు కాదు. ఎదురుపోయి కుండ దించుకున్నాను. "పటేలు కొడ్తనన్నడమ్మా," అన్నది, పెదవులు ఎండి తెల్లబడి ఉన్నాయి. ముందు దోసిట్లో పోసి తాగించాను. తర్వాత ఏం చేయాలో అమ్మ ఎప్పుడూ చెప్పలేదు, బోర్లించిన నెలలో ఎవరైనా బలవంతంగా మోస్తే ఆ నీళ్ళు ఏమవుతాయో ఆ కథలో లేదు. ఆ నియమం నేనే పెట్టాను. మోసినవాళ్ళవే. కుండ ఎత్తి మొత్తం మైసి నెత్తి మీద గుమ్మరించాను, పదిహేను రోజులుగా తలకు చుక్క నీళ్ళు ఎరగని పిల్ల, ఊపిరి బిగబట్టి, కళ్ళు మూసుకుని, ఒక్కసారిగా కిలకిలా నవ్వింది. దాన్ని బోర్లించిన కుండల వెనక కూర్చోబెట్టి నా కొంగు కప్పి, దాని ముందు నేను కూర్చున్నాను.

పటేలు కర్ర ఎత్తాడు, బండి ఆగింది, కర్ర దిగింది. తహసీల్దారు చెమటతో తడిసిన మొహం తుడుచుకుంటూ దిగాడు, తడికలను చేత్తో ముట్టుకుని చూశాడు. "పొడిగున్నయేంది?" పటేలు వంగి, వంతు జేష్టమోళ్ళది హుజూర్, మొండికి పడ్డది అన్నాడు. తహసీల్దారు నా వైపు తిరిగాడు. కోపం కంటే అలసటే ఎక్కువ ఉంది ఆ మొహంలో.

"పోయిన నెల ఎవరు మోసిన్రు?"

"నేనే దొరా. నెల దినాలు. అది లెక్కల రాదని పటేలు అంటున్నడు."

"ఐతే ఈ నెల ఎవరిది?"

"ఎవ్వలది గాదు."

"ఎవరిది గాని నెల ఉంటదా?"

"ఉంటది దొరా. నేను గూసున్నది అండ్లనే."

మెహమూద్ చిచ్చా తలుపు దగ్గర దగ్గాడో నవ్వాడో తెలియలేదు. తహసీల్దారు పటేలును చూశాడు, పటేలు పొడి తడికలను చూశాడు. తహసీల్దారు లోపలికి పోయాడు. ఎంతోసేపు ఉండలేకపోయాడు, ఎండిన తడికల నుంచి వచ్చే గాలి పొయ్యి ముందర కూర్చున్నట్టు ఉంటుంది. బయటికి వచ్చి, టోపీ తీసి, అరుగు ఆ చివర నీడలో కుర్చీ వేయించుకుని జమాబందీ కాగితాలతో విసురుకోసాగాడు. రేపు జూస్త నీ పని అని పటేలు నా చెవి దగ్గర గొణిగితే, రేపు గూడ వస్త పటేలా, పొద్దుగాలనే వస్త, అన్నాను. అరుగు మీద ఆ చివర ఆయన, అరుగు కింద ఈ చివర నేనూ నా బిడ్డా. పొద్దుగూకేదాకా వాగుకు ఎవరూ పోలేదు.